లెక్కలోకి రాని ఏళ్లు

ప్రతి ప్రభుత్వ ఉపాధ్యాయునికీ ఒక సర్వీసు పుస్తకం ఉంటుంది. మొదటి పేజీలో పేరు, తండ్రి పేరు, పుట్టిన తేదీ, కులం, పుట్టుమచ్చలు రాస్తారు. ఆ తర్వాత ఉద్యోగంలో చేరిన తేదీ వస్తుంది. అక్కడి నుంచే లెక్క మొదలు. ఇంక్రిమెంటు, స్కేలు, సెలవులు, పింఛను అన్నీ ఆ తేదీని పట్టుకునే నడుస్తాయి. మాలో చాలామందికి ఆ తేదీకి ముందు కూడా బడి ఉంది, నల్లబల్ల ఉంది, పిల్లలు ఉన్నారు. ఆ ఏళ్లు మాత్రం ఆ పుస్తకంలో లేవు.

ఒకసారి కాంప్లెక్స్ మీటింగ్ అయ్యాక టీ తాగుతూ, పన్నెండేళ్ల స్కేలు ఎవరెవరికి ఎప్పుడు వస్తుందో లెక్క వేసుకుంటున్నాం. మాలో ఒకాయన పదకొండేళ్లు గూడెం బడిలో తాత్కాలికంగా పనిచేసి, తర్వాత డీఎస్సీ రాసి రెగ్యులర్ అయ్యారు. ఆయన అన్న మాట ఇది: "నా దగ్గర ఐదో తరగతి చదివిన పిల్లగాడూ నేనూ ఒకే డీఎస్సీలో వచ్చాం సార్. ఇప్పుడు ఇద్దరి సర్వీసూ ఒక్కటే." అందరం నవ్వాం. ఆయన కూడా నవ్వారు. ఇంటికి పోయే దారిలో ఆ మాటే గుర్తొచ్చింది. ఆ పిల్లగాడికి అక్షరాలు నేర్పిన ఏళ్లు ఏమైనట్టు? ఆయన పని చేయలేదా? చేసిన పని పని కాదా?

ఈ ప్రశ్నను మేము జీతం ప్రశ్నగా మాత్రమే చూడటం లేదు. ఒక మనిషి చేసిన పనికి విలువ ఆ పని నుంచి వస్తుందా, లేక అతని చేతిలో ఉన్న కాగితం నుంచి వస్తుందా అన్నది అసలు ప్రశ్న.

ముందుగా చదువుకుంటున్న మా తమ్ముళ్లకు, చెల్లెళ్లకు ఒక విషయం వివరంగా చెప్పాలి. ప్రభుత్వ ఉద్యోగంలో అందరికీ ప్రమోషన్ రాదు. ఎస్జీటీగా చేరిన మనిషి పదిహేనేళ్లైనా, ఇరవై ఏళ్లైనా ఎస్జీటీగానే ఉండిపోవచ్చు. పై పోస్టులు తక్కువ, కింద ఉన్నవాళ్లు ఎక్కువ. అలా ఒకేచోట ఆగిపోయిన వారికి కొంత ఊరట ఇవ్వడానికి ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కీము పెట్టారు. ఒకే పోస్టులో నిర్ణీత కాలం పూర్తి చేస్తే పై స్కేలు ఇస్తారు. ఒకప్పుడు ఇది 8, 16, 24 ఏళ్లకు ఉండేది. 2010 వేతన సవరణ నుంచి 6, 12, 18, 24 ఏళ్లకు మార్చారు. కేంద్ర ఉద్యోగులకు ఇలాంటిదే 10, 20, 30 ఏళ్లకు ఉంది. కొన్ని మెట్ల దగ్గర డిపార్ట్‌మెంటల్ పరీక్షలు, చదువు అర్హతలు కూడా అడుగుతారు. అది న్యాయమే. కానీ లెక్కపెట్టేది 'రెగ్యులర్ సర్వీసు' మాత్రమే. ఆ ఒక్క మాట దగ్గరే మా ఏళ్లు ఆగిపోతున్నాయి.

ఇక మా ప్రాంతంలో తాత్కాలిక ఉపాధ్యాయుడు ఎలా పుట్టాడో చూద్దాం. కొత్తగూడెం నుంచి భద్రాచలం దాకా, గోదావరి అటూ ఇటూ ఉన్న గూడేలకు ఒకప్పుడు టీచరు పోస్టు మంజూరైనా టీచరు ఉండేవాడు కాదు. మైదానం నుంచి వచ్చినవారికి దారి కష్టం, జ్వరాల భయం, భాష తెలియదు. బడి తెరిచిన రోజుల కన్నా మూసిన రోజులే ఎక్కువ. ఈ పరిస్థితి చూసే 1986 నవంబరు 5న జీవో 275 వచ్చింది. షెడ్యూల్డ్ ప్రాంతంలోని టీచరు పోస్టులు స్థానిక గిరిజనులకే ఇవ్వాలన్నది దాని సారం. 2000 జనవరి 10న జీవో 3 వచ్చింది. ఈ ఉత్తర్వులతో పాటే గిరిజన విద్యా వికాస కేంద్రాలు, మాబడులు, విద్యా వాలంటీర్లు, ఆశ్రమ పాఠశాలల్లో కాంట్రాక్టు రెసిడెన్షియల్ టీచర్లు అంటూ రకరకాల పేర్లతో మా పిల్లలు పనిలో చేరారు. పదో తరగతి దాటిన కోయ యువకుడు, ఇంటర్ చదివిన లంబాడా ఆడపిల్ల పలక పట్టుకుని సొంత గూడెంలోనే నిలబడ్డారు. 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు జీవో 3ను కొట్టివేసింది. అప్పటికే జరిగిన నియామకాలను షరతులతో ఉంచింది. అది వేరే పెద్ద చర్చ. ఇక్కడ మేము చెప్పదలచుకున్నది ఇంతే: తాత్కాలిక టీచరు ఎవరి పోస్టునో దొంగచాటుగా లాక్కున్నవాడు కాదు. ఎవరూ రాని చోట నిలబడ్డవాడు.

ఆ పని ఎలాంటిదో చేసినవారికి తెలుసు. ఇంట్లో కోయ మాట మాట్లాడే పిల్ల బడిలో తెలుగు వాచకం తెరిస్తే, మధ్యలో వంతెనగా నిలబడేది ఆ టీచరే. ఇప్పపూల కాలంలో, తునికాకు కాలంలో పిల్లలు తల్లిదండ్రుల వెంట అడవికి పోతే, సాయంత్రం ఇల్లిల్లూ తిరిగి మర్నాడు బడికి పిలిచేది ఆ టీచరే. గౌరవ వేతనం నెలల తరబడి ఆగేది. ఏప్రిల్‌లో బడి మూస్తే పని అయిపోయింది అనేవారు. జూన్‌లో మళ్లీ కొత్తగా తీసుకున్నట్టు కాగితం. అదే మనిషి, అదే బడి, అవే పిల్లలు, సర్వీసు మాత్రం ముక్కలు ముక్కలు. ఆ రెండు నెలల విరామం పని అవసరం లేక వచ్చింది కాదు, లెక్క తెగిపోవాలని పెట్టింది.

ఇది మా ఏజెన్సీ కథ మాత్రమే కాదు. ఉమ్మడి రాష్ట్రంలో నెలకు 398 రూపాయల మొత్తం మీద స్పెషల్ టీచర్లను తీసుకున్న కాలం పెద్దలకు గుర్తుండే ఉంటుంది. 'మూడు వందల తొంభై ఎనిమిది టీచర్లు' అనే పేరు వారికి జీవితాంతం మిగిలిపోయింది. ఆ కాలానికి నోషనల్ ఇంక్రిమెంట్లు ఇవ్వాలని వారు ఏళ్ల తరబడి అడుగుతూ వచ్చారు. తర్వాత డీఎస్సీ పరీక్ష రాసి, రిజర్వేషన్ రోస్టరు ప్రకారం ఎంపికైన వారిని కూడా మొదటి రెండేళ్లు అప్రెంటిస్‌లన్నారు. ఇది గమనించాలి. దొడ్డిదారిన వచ్చారు కాబట్టి లెక్కలోకి రారు అనే వాదన అప్రెంటిస్‌లకు పనికిరాదు. వారు ముందు గుమ్మం నుంచే వచ్చారు. అయినా వారినీ గుమ్మంలోనే రెండేళ్లు నిలబెట్టారు.

అయితే అవతలి వాదన కూడా వినాలి. వినకుండా న్యాయం అడగడం మా పెద్దల పద్ధతి కాదు. గూడెంలో పంచాయతీ కూర్చుంటే ఇద్దరి మాటా విన్నాకే పెద్దమనిషి నోరు తెరుస్తాడు.

అవతలి వాదన ఇది. తాత్కాలిక నియామకానికి ప్రకటన ఉండదు, పోటీ ఉండదు, రోస్టరు ఉండదు. తెలిసినవాడు, దగ్గరివాడు, నాయకుని మనిషి చేరిపోతాడు. ఆ ఏళ్లను రెగ్యులర్ సర్వీసుతో సమానంగా లెక్కిస్తే, పరీక్ష కోసం గ్రంథాలయంలో కూర్చుని చదువుతున్న పేద గిరిజన యువకుడికి అన్యాయం కాదా? 2006 ఏప్రిల్ 10న కర్ణాటక కేసులో సుప్రీంకోర్టు ఈ మాటే బలంగా చెప్పింది. రాజ్యాంగం ఇచ్చిన సమాన అవకాశాన్ని పక్కనపెట్టి తాత్కాలికులను పర్మినెంట్ చేయకూడదంది. అయితే మంజూరైన పోస్టుల్లో పదేళ్లకు పైగా కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పనిచేసిన అర్హులను ఒక్కసారికి పరిశీలించమని కూడా చెప్పింది. 2009లో రాజస్థాన్ కేసులో మా విషయానికి ఇంకా దగ్గరి తీర్పు వచ్చింది. తాత్కాలికంగా చేసిన కాలాన్ని సెలక్షన్ స్కేలు కోసం లెక్కించనవసరం లేదని. మన రాష్ట్రంలోనే 2023 ఏప్రిల్ 30న 40 శాఖల్లో 5,544 మంది కాంట్రాక్టు ఉద్యోగులను క్రమబద్ధీకరించారు. దానికి ఆధారమైన 10-ఎ సెక్షన్‌ను 2024 నవంబరులో హైకోర్టు కొట్టివేసింది, అప్పటికే పర్మినెంట్ అయినవారిని మాత్రం కదిలించలేదు.

ఉద్యోగం కోసం చూస్తున్న యువకుని బాధ నిజమైనది. వాడు కూడా మా బిడ్డే. కాబట్టి మా మాట వాడికి ఎదురుగా నిలబడి చెప్పగలిగేదై ఉండాలి.

ఇక్కడ రెండు విషయాలు కలిసిపోయి గందరగోళం అవుతున్నాయి. వాటిని విడదీయాలి. ఒకటి సీనియారిటీ, రెండోది కాలానుగుణంగా వచ్చే స్కేలు. సీనియారిటీ వరుస లాంటిది. ఒకరు ముందుకు జరిగితే ఇంకొకరు వెనక్కి పోతారు. నా తాత్కాలిక ఏళ్లు కలిపితే నా పక్కవాడి ప్రమోషన్ పోవచ్చు. కాబట్టి అక్కడ నియామకం ఎలా జరిగిందో గట్టిగా అడగాల్సిందే. కానీ ఆరేళ్ల స్కేలు, పన్నెండేళ్ల స్కేలు వరుస కాదు. ఎవరి ఏళ్లు వారివే. నాకు వచ్చినందువల్ల ఇంకొకరికి ఆగదు. చదువుకుంటున్న యువకుని పోస్టు ఒక్కటి కూడా తగ్గదు. ఆ స్కేలు పెట్టింది ఒకే పనిలో మనిషి ఎన్నేళ్లు నిలబడ్డాడో చూడటానికి. అలాంటప్పుడు నిలబడ్డ ఏళ్లను వదిలేసి కాగితం వచ్చిన రోజును మాత్రమే చూస్తే, ఆ స్కీము తన ఉద్దేశాన్ని తానే మరచినట్టు.

సింగరేణి మాకు పక్కనే ఉంది, కేంద్ర కార్యాలయం కొత్తగూడెంలోనే. అక్కడ బదిలీ వర్కర్ అనే పద్ధతి మా ప్రాంతంలో అందరికీ తెలుసు. పర్మినెంట్ కార్మికుడు రాని రోజు అతని చోట దిగేవాడు బదిలీ వర్కర్. కానీ అతను దిగిన ప్రతి రోజుకూ మస్టర్ పడుతుంది. ఏడాదిలో భూగర్భంలో 190, ఉపరితలంలో 240 మస్టర్లు నిండితే జనరల్ మజ్దూరుగా తీసుకునే పద్ధతి ఉంది. ఆ పద్ధతిలోనూ బాధలున్నాయి. ఒక్క మస్టర్ తగ్గితే ఇంకో ఏడాది ఆగాలి. అయినా దాని వెనక ఒక సూత్రం ఉంది: తాత్కాలికుడు దిగిన రోజు కూడా రోజే. బొగ్గు తీసిన చేతికి మస్టర్ ఉన్నప్పుడు, అక్షరం దిద్దించిన చేతికి ఎందుకు ఉండకూడదు?

ఇంకొక ఉదాహరణ మా పొలాల్లోనే ఉంది. పోడు కొట్టి తాత కాలం నుంచి సాగు చేసుకుంటున్న భూమికి పట్టా లేదు. కాగితం లేదు కాబట్టి నువ్వు ఆక్రమణదారుడివి అన్నారు. ఎందరి మీదో కేసులు పెట్టారు. చివరికి 2006లో అటవీ హక్కుల గుర్తింపు చట్టం వచ్చింది. అడవిలో బతికేవారికి చారిత్రక అన్యాయం జరిగిందని ఆ చట్టం తన పీఠికలోనే ఒప్పుకుంది. 2005 డిసెంబరు 13 నాటికి సాగులో ఉంటే హక్కు ఉందంది. సాగును ఎలా నిరూపించాలి? నిబంధనలు ప్రభుత్వ రికార్డులనే కాదు, గట్లు, బావులు, శ్మశానాలు, దేవతల స్థలాలను కూడా సాక్ష్యంగా చూడమన్నాయి. గూడెం పెద్దల మాటను రాతలో పెడితే దాన్నీ ఒప్పుకోమన్నాయి. అంటే కాగితం లేని ఏళ్లకు కూడా లెక్క ఉంటుందని ఈ దేశపు చట్టం ఒకసారి ఒప్పుకుంది. ఆ చట్టం ఎంతమందికి సరిగా అందింది అన్నది వేరే మాట. సూత్రం మాత్రం మాకు ముఖ్యం. దున్నిన నేల సాక్ష్యం చెప్పగలిగితే, చదువుకున్న పిల్లలు సాక్ష్యం చెప్పలేరా?

కోర్టులు కూడా ఒకే మాట మీద ఆగిపోలేదు. 2016 అక్టోబరు 26న పంజాబ్ కేసులో సుప్రీంకోర్టు, ఒకే పని చేస్తున్న తాత్కాలిక ఉద్యోగికి రెగ్యులర్ స్కేలులోని కనీస మూలవేతనం ఇవ్వాలంది. సమాన పనికి సమాన వేతనం అన్న మాట రాజ్యాంగం 39వ అధికరణలోనే ఉంది. 2019 సెప్టెంబరులో ఉత్తరప్రదేశ్ వర్క్‌చార్జ్‌డ్ ఉద్యోగుల కేసులో, తర్వాత రెగ్యులర్ అయిన వారి ముందటి ఏళ్లను పింఛను అర్హతకు కలపాలంది. 2024 డిసెంబరు 20న ఇంకో తీర్పు వచ్చింది. అది కేంద్ర జల సంఘంలో ఏళ్ల తరబడి ఊడ్చిన, తోటపని చేసిన వారి కేసు. 2006 తీర్పును అడ్డం పెట్టుకుని దీర్ఘకాలం పనిచేసిన వారి న్యాయమైన హక్కును కాదనడం తగదని అందులో చెప్పింది. పింఛనుకు లెక్కకు వచ్చే ఏళ్లు స్కేలుకు ఎందుకు రాకూడదన్నది ఇంకా మిగిలిన ప్రశ్న.

మా మాట ఇది. అవసరమైన పనిలో, అర్హతతో, వరుసగా పనిచేసి, తర్వాత అదే పనికి పోటీ పరీక్షలో ఎంపికైన వారి తాత్కాలిక ఏళ్లను స్కేలుకూ పింఛనుకూ కలపాలి. సీనియారిటీకి కలపమని మేము అడగడం లేదు. పాత బకాయిలు ఒక్కసారిగా ఇవ్వలేకపోతే నోషనల్‌గానైనా కలపాలి. పూర్తిగా కలపలేని చోట సగమైనా కలపాలి. సగం లెక్క కొత్త మాట కాదు. 1993లో కేంద్ర ప్రభుత్వం క్యాజువల్ కార్మికులకు పెట్టిన పథకంలో తాత్కాలిక హోదా కాలంలో సగాన్ని పదవీ విరమణ ప్రయోజనాలకు కలిపే పద్ధతి ఉంది. సగం ఇచ్చినవాడు కనీసం పని జరిగిందని ఒప్పుకున్నట్టు. సున్నా వేసినవాడు పని జరగలేదన్నట్టు. మమ్మల్ని ఎక్కువ బాధపెట్టేది తగ్గిన డబ్బు కన్నా ఆ సున్నా.

కానీ లెక్క అడిగినవాడు లెక్క చెప్పాలి కూడా. ఈ మాట మాలో మేము చెప్పుకోవడానికి కష్టంగా ఉంటుంది. మా తాత్కాలిక ఏళ్లన్నీ నిండు ఏళ్లేనా? బడికి వారంలో మూడు రోజులే పోయి ఆరు రోజుల సంతకాలు పెట్టినవారు మాలో లేరా? తన బదులు ఇంకొకరిని పంపి తాను వ్యాపారం చూసుకున్నవారు లేరా? గూడెం పిల్లలకు తెలుసు, తల్లులకు తెలుసు. ఏళ్లు కలపమని ప్రభుత్వాన్ని అడిగే ముందు, ఆ ఏళ్లలో ఏం చేశామో గూడెం ముందు నిలబడి చెప్పగలగాలి. గూడెం ఔనన్న ఏళ్లే మావి. గూడెం కాదన్న ఏళ్లను ఏ జీవో కలిపినా అవి దొంగ మస్టర్లే.

ఇంకొక మాట. ఆశ్రమ పాఠశాలలో పొద్దున నాలుగింటికి లేచి పొయ్యి వెలిగించే వంటమనిషి ఉంటుంది. నీళ్లు మోసే, గదులు ఊడ్చే కామాటి ఉంటాడు. రాత్రంతా కాపలా కాసే వాచ్‌మెన్ ఉంటాడు. వీరిలో చాలామంది ఏళ్ల తరబడి దినసరి వేతనం మీదే ఉన్నారు. వారూ మా గూడేలవారే, మా అక్కలు, మా బావలు. మేము స్కేలు కోసం వినతిపత్రం రాసేటప్పుడు వారి పేరు ఎన్నిసార్లు రాశాం? తెల్లారి స్టాఫ్‌రూములో టీ అందించే చేతిని మేము ఎన్నాళ్లు లెక్కలో వేసుకోకుండా ఉన్నాం? మా మీద ప్రభుత్వం వేసిన సున్నానే మేము వారి మీద వేస్తే, మా న్యాయం సగం న్యాయమే. పైన చెప్పిన 2024 కేసులో గెలిచింది ఊడ్చేవారు, తోటమాలి అన్నది మేము మరచిపోకూడదు. సూత్రాన్ని గట్టిగా నిలబెట్టింది వారే.

మా గూడేల్లో వరి నాట్లప్పుడు ఒకరి చేలో ఒకరు పని చేసి, ఆ రోజులు తిరిగి తీర్చుకునే అలవాటు ఇంకా ఉంది. దానికి రిజిస్టరు లేదు. అయినా ఎవరు ఎవరి చేలో ఎన్ని రోజులు వంగారో అందరికీ గుర్తుంటుంది. ఒకరోజు బాకీ పడ్డ మనిషి ఆ ఇంటి ముందు నుంచి పోతూ తలదించుకుంటాడు. రాయని లెక్కకు కూడా సిగ్గుపడే జనం మేము. ఇంత పెద్ద ప్రభుత్వం, ఇన్ని రిజిస్టర్లు పెట్టుకుని, రాసి ఉన్న లెక్కను కూడా చదవకపోతే ఏమనాలి?

కాబట్టి ఇవాళ విద్యా వాలంటీరుగానో, సీఆర్టీగానో, పార్ట్‌టైం టీచరుగానో చేరుతున్న మా తమ్ముళ్లకు, చెల్లెళ్లకు ఒక మాట. మీ చేరిక కాగితం, ప్రతి ఏటి కొనసాగింపు కాగితం, హాజరు పట్టీ నకలు, జీతం పడిన బ్యాంకు పాసుబుక్కు జాగ్రత్తగా దాచుకోండి. వానకాలంలో తడవకుండా చూసుకోండి. మాలో కొందరి ఏళ్లు చెదలు తిన్నాయి. కాగితం ఒక్కటే చాలదు, బడికి రోజూ పోండి. రేపు లెక్క అడిగే రోజు వస్తే, కాగితం ఆఫీసులో మాట్లాడుతుంది, మీ దగ్గర చదువుకున్న పిల్లలు గూడెంలో మాట్లాడతారు. రెండూ కావాలి.

పదకొండేళ్ల ఏళ్లు పోయిన ఆ సారు ఇప్పటికీ బడికి ముందే వస్తారు. ఆయన దగ్గర చదివిన ఆ పిల్లగాడు, ఇప్పుడు పక్క బడి టీచరు, మీటింగులో ఆయన వస్తే లేచి నిలబడతాడు. సర్వీసు పుస్తకంలో ఇద్దరి తేదీ ఒక్కటే. ఆ పిల్లగాడి లెక్కలో మాత్రం ఆయనే సీనియర్. ప్రభుత్వం కూడా ఆ పిల్లగాడిలా లెక్కపెట్టడం నేర్చుకోవాలని మా కోరిక.